కతి ఔతినెన్ నటనను ఏ వరుసలో చూడాలి

నాటకాలు వేసే పిల్లలు "నటన నేర్చుకోవాలంటే ఎవరిని చూడాలి సార్?" అని అడిగితే నేను తప్పకుండా చెప్పే పేరు ఫిన్లాండ్ నటి కతి ఔతినెన్. పేరు రాసుకుని వెళ్తారు, వెళ్లి నేరుగా 2002లో కాన్ చిత్రోత్సవంలో ఆమెకు ఉత్తమ నటి అవార్డు తెచ్చిన 'ద మ్యాన్ విదౌట్ ఎ పాస్ట్' పెట్టేస్తారు. దాన్ని మూడోదిగా ఉంచండి. ముందే చూస్తే "ఈవిడ ఏమీ చేయట్లేదే" అనిపిస్తుంది.

మొదట చూడాల్సింది 'ద మ్యాచ్ ఫ్యాక్టరీ గర్ల్' (1990). గంటా పది నిమిషాల సినిమా. దర్శకుడు ఆకి కౌరిస్మాకి, ఓటీటీల్లో ఆయన పేరుతో వెతికితే త్వరగా దొరుకుతుంది. డబ్బింగ్ వద్దు, ఫిన్నిష్ ఆడియోతోనే చూడండి. చెక్క దుంగ అగ్గిపెట్టెగా మారేదాకా తెర మీద యంత్రాలే ఉంటాయి. తర్వాత ఐరిస్ (కతి వేసిన పాత్ర) చేతులు, ఆ తర్వాతే ముఖం. పది నిమిషాలు దాటినా ఎవరూ మాట్లాడరు, ఓపిక పట్టండి.

డాన్స్ హాల్ సీన్ రాగానే జాగ్రత్తగా చూడండి. పక్కన కూర్చున్నవాళ్లను ఒక్కొక్కరినీ డాన్స్‌కి పిలుచుకుపోతుంటారు, ఐరిస్ ఒక్కతే మిగిలిపోతుంది. ముఖం దాదాపు కదలదు. ఆమె చూపు ఎటు పోతోంది, ఎక్కడ ఎంతసేపు ఆగుతోంది, అది చూడండి. తర్వాత అదే సీన్ సౌండ్ తీసేసి ఇంకోసారి. నా దృష్టిలో ఇక్కడ నేర్చుకోవడానికి ఉన్నంత ఏ పాఠ్యపుస్తకంలోనూ లేదు.

ఈ నిశ్చలత చేతకాక వచ్చింది కాదు. 1980ల మొదట్లో హెల్సింకి థియేటర్ అకాడమీలో నాటక దర్శకుడు యౌకో తుర్కా హయాంలో ఆమె చదువుకుంది. ఒళ్లంతా చెమటలు పట్టేలా, గొంతు చించుకునేలా నటించడానికి పేరుపడ్డ పద్ధతి అది. అందులోంచి వచ్చి కూడా ఆమె తక్కువ చేయడాన్ని ఎంచుకుంది. 2002 నుంచి 2013 వరకు అదే అకాడమీలో నటన బోధించే ప్రొఫెసర్‌గా పనిచేసింది. ఆమె నాటకాల్ని మనం ఇక్కడినుంచి చూడలేం కాబట్టి, ఆ క్రమశిక్షణను సినిమాల్లోనే వెతుక్కోవాలి.

రెండోది 'డ్రిఫ్టింగ్ క్లౌడ్స్' (1996). ఫిన్లాండ్‌ను మాంద్యం కుదిపేసిన రోజుల కథ. రెస్టారెంట్‌లో హెడ్ వెయిటర్‌గా చేసే ఇలోనా, ట్రామ్ నడిపే ఆమె భర్త, ఇద్దరి ఉద్యోగాలూ పోతాయి. పనిలో ఉన్నప్పుడు ఆమె నడక, వీపు నిలబెట్టే తీరు గుర్తుపెట్టుకోండి. ఉద్యోగం పోయాక కూడా ఆ వీపు వంగదు, అందుకే మనకు గుండె పిండేస్తుంది. ఇంట్లో ఆమె చూసే చిన్నపిల్లాడి ఫోటో నిజానికి నటుడు మత్తి పెల్లొన్‌పా చిన్ననాటిది. కతితో పలు సినిమాలు చేసిన ఆయన 1995లో చనిపోయాడు. ఇది తెలిసి చూస్తే ఆ సీన్ వేరేగా ఉంటుంది.

ఇప్పుడు అవార్డు సినిమా పెట్టండి. సాల్వేషన్ ఆర్మీ అనే క్రైస్తవ సేవా సంస్థలో పనిచేసే ఇర్మా రాత్రి తన గదిలో పడుకుని రాక్ సంగీతం వినే ఘట్టం మీకు ఇప్పుడు పూర్తిగా అందుతుంది.

రంగస్థలం వాళ్లైతే 'యుహా' (1999) కూడా చూడాలి. నలుపు తెలుపుల మూకీ చిత్రం, మాట ఆసరా అసలు లేదు. మిగతావాళ్లు దాటేసినా నష్టం లేదు.

చివరగా ఒకే రోజున రెండు చూడండి: 'షాడోస్ ఇన్ ప్యారడైజ్' (1986), 'లైట్స్ ఇన్ ద డస్క్' (2006). రెండింట్లోనూ ఆమె సూపర్ మార్కెట్ క్యాషియరే. మొదటి దాంట్లో నాయిక. రెండో దాంట్లో కనిపించేది కాసేపే, కాబట్టి ఫార్వర్డ్ చేయకుండా చూడండి.