భిన్నాల రాత లెక్క తప్పుతోందా? ఎక్కడ తప్పుతోందో ఇట్లా పట్టుకోండి

భిన్నాలు కూడడం, తీసివేయడం, క.సా.గు. (కనిష్ఠ సామాన్య గుణిజం) తీయడం వచ్చి కూడా రాత లెక్కల (మాటల్లో ఇచ్చే లెక్కల) దగ్గర తప్పే పిల్లల కోసం ఇది. ముందు ఒక్క పని చేయించండి. పెన్ను పట్టకముందే జవాబు అరకంటే ఎక్కువ రావాలా, తక్కువ రావాలా, ఒకటి దాటుతుందా అని నోటితో చెప్పించండి. అర నిమిషం పని. దీన్ని వదిలేసి నేరుగా హారాల మీద పడతారు, అసలు తిప్పలన్నీ అక్కడే మొదలవుతాయి.

కూడితే జవాబు తగ్గింది

1/2 + 1/3 = 2/5 అని రాశారు. 2/5 అరకంటే చిన్నది. అరకు ఇంకొంత కలిపితే తగ్గదు కదా! లవాలతో లవాలు, హారాలతో హారాలు కూడేశారు. 3/6 + 2/6 = 5/6.

తీసివేస్తే ఎక్కువ మిగిలింది

5¼ లీటర్ల నూనెలో 2¾ లీటర్లు వాడితే 3½ మిగిలిందట. 1/4 లోంచి 3/4 పోదు కాబట్టి తిప్పి తీసేశారు. 5¼ లోంచి ఒక లీటరు విడగొట్టి 4, 5/4 గా రాయించండి. అప్పుడు 2½ వస్తుంది.

హారాలు సరే, తీసివేత సరే, జవాబు మాత్రం తప్పు

అందరినీ బోల్తా కొట్టించేది ఇదే. పేజీ మీద ఒక్క తప్పూ కనబడదు, అందుకే దిద్దేవాళ్లు కూడా దాటిపోతారు. కారణం, ఆ భిన్నం దేనిలో భాగమో చూడకపోవడం. రెండున్నర ఎకరాల చెలక తీసుకోండి. ఎకరానికి 40 గుంటలు, మొత్తం 100 గుంటలు. పంటలు వేయగా ఎంత మిగిలిందన్నదే ప్రశ్న.

3/4 ఎకరంలో మిర్చి, 1/5 ఎకరంలో కూరగాయలు వేస్తే: 50/20 − 15/20 − 4/20 = 31/20 ఎకరాలు. అంటే 62 గుంటలు.

చెలకలో 3/4 వంతు మిర్చి, 1/5 వంతు కూరగాయలు అంటే మొత్తం చెలక 1 అవుతుంది: 1 − 15/20 − 4/20 = 1/20 వంతు. 5 గుంటలే. ఇక్కడ రెండున్నరలోంచి తీసేసేవాళ్లే ఎక్కువ.

3/4 వంతు మిర్చి, మిగిలినదానిలో 1/5 వంతు కూరగాయలు అంటే మళ్లీ వేరు. మిర్చి పోగా 1/4 వంతు, అందులో ఐదో భాగం 1/20. 5/20 − 1/20 = 4/20 వంతు, 20 గుంటలు.

అవే అంకెలు, మూడు జవాబులు. కాబట్టి ప్రతి భిన్నం పక్కన ‘ఎకరం’, ‘మొత్తంలో’, ‘మిగిలినదానిలో’ అని రాయించండి. పక్కమాటలు ఒకటే అయితేనే కూడాలి, తీసివేయాలి. తర్వాత గుంటల్లోకి మార్చి సరిచూడాలి. పొలం లెక్క కాకుంటే కిలోను గ్రాములు, గంటను నిమిషాలు చేయండి.

‘ఎక్కువ’ అని ఉంటే కూడేస్తున్నారు

అక్క రిబ్బన్ 3/4 మీటరు, అది చెల్లెలి రిబ్బన్ కంటే 1/8 మీటరు ఎక్కువ. చెల్లెలిది ఎంత? ఎవరిది పొడవో ముందు అడగండి. 6/8 − 1/8 = 5/8 మీటరు.

క.సా.గు. బదులు హారాలను గుణించడం, చివర్లో కుదించకపోవడం లాంటివాటికి ఎక్కువ కంగారు పడనక్కర్లేదు. విలువ మారదు, కుదించమంటే సరిపోతుంది.