ఎండల్లో తిరుపతి బజారు, బండి టిఫిన్లు: గైడ్‌తో బయల్దేరే ముందు జాగ్రత్తలు

ఏప్రిల్ వచ్చిందంటే తిరుపతిలో బడి సెలవుల దర్శనం రద్దీ, మామిడికాయల రద్దీ ఒకేసారి మొదలవుతాయి. మే నెలలో తాతయ్యగుంట గంగమ్మ జాతర కూడా తోడవుతుంది. దర్శనం కాగానే రైలెక్కేయకుండా, ఒక పూట గైడ్‌ని మాట్లాడుకుని పాత బజారంతా తిరిగి, బండ్ల మీద నాలుగు రకాలు రుచి చూసి పోదాం అనుకునేవాళ్లు ఈమధ్య బాగా కనిపిస్తున్నారు. మంచి ఆలోచనే. అయితే చాలామంది భయపడాల్సిన చోట భయపడరు. బండిని చూసి జంకుతారు, టైము మాత్రం చూసుకోరు. పెళ్లి భోజనాల్లో ఎప్పుడో పొద్దున వండిన పనీర్ కూరను ధీమాగా వడ్డించుకుని, కళ్ల ముందు సలసల కాగే నూనెలోంచి తీసిన బజ్జీని అనుమానంగా చూస్తారు. మేలో కడుపు చెడిందంటే చాలాసార్లు కారణం ఒకటే: వండి ఎంతసేపైంది అన్నది చూసుకోకపోవడం.

అన్నిటికన్నా ముందు రోజు ఎంచుకోవాలి. అలిపిరి దారిలో మెట్లు 3550, శ్రీవారి మెట్టు దారిలో 2388. ఏ దారిన ఎక్కినా ఒంట్లో నీళ్లు, ఉప్పు బాగా పోతాయి. ఆపైన క్యూలో కూర్చుని, రాత్రి సరిగ్గా నిద్రలేక, దిగిన వెంటనే ఖాళీ కడుపులో మిరపకాయ బజ్జీలు వేస్తే పాపం బజ్జీలది కాదు. కొండ దిగిన రోజు పెరుగన్నమో ఇడ్లీయో తిని పడుకోండి. మర్నాడు పొద్దున బజారుకి బయల్దేరండి. బజారు పని కొండకు పోకముందు పెట్టుకోకపోవడానికి ఇంకో కారణం కూడా ఉంది. తిరుమలకు మాంసం, మందు, సిగరెట్లు, వాడిపారేసే ప్లాస్టిక్ తీసుకుపోకూడదు. అలిపిరిలో సామాను తనిఖీ చేస్తారు. ముందురోజే మటన్ పచ్చడి కొని బ్యాగులో పెట్టుకున్నవాళ్లు అక్కడ ఇబ్బంది పడతారు.

ఇక గైడ్. మన ఊళ్లో ఆటో ఎక్కిన పది నిమిషాలకు ఆటో అన్నే గైడ్ అయిపోతాడు. అందులో తప్పేమీ లేదు, కొందరికి ఊరు పుస్తకం రాసినంతగా తెలుసు. అసలు గైడేనా కాదా తేల్చుకోవడానికి ఒక్క ప్రశ్న చాలు: "అన్నా, ఎక్కడ తినొద్దంటావు?" "అన్నీ బాగుంటాయి సామీ" అని జవాబొస్తే ఆయన మంచి మనిషే కావచ్చు, గైడ్ మాత్రం కాదు. "ఆ సందు చివర దోసె పొద్దున అయితే తినండి, సాయంత్రానికి పిండి పులిసిపోతుంది" అనేవాళ్లు దొరికితే వదలకండి. ఎన్ని గంటలు, ఎంతమంది, నడకా ఆటోనా, తిండి ఖర్చు అందులోనే కలిసిందా విడిగానా అన్నది ముందే వాట్సాప్‌లో రాసుకోండి. నోటిమాట మీద నమ్మకం ఉన్నా సరే రాసుకోండి, చివర్లో మొహమాటం ఉండదు. ఇంట్లో వ్రతం పట్టినవాళ్లు ఉంటే ఆ సంగతి కూడా అప్పుడే చెప్పేయాలి. ఎగ్ దోసె పోసిన పెనం మీదే మామూలు దోసె వేసే బండ్లు చాలా ఉంటాయి, అక్కడ నిలబడ్డాక అడిగితే అందరికీ ఇబ్బందే.

గైడ్ మధ్యలో "దర్శనం టికెట్లు కూడా ఇప్పిస్తా" అన్నాడంటే అక్కడితో నమస్కారం పెట్టేయండి. టికెట్లు దేవస్థానం వెబ్‌సైట్లోనో, దేవస్థానం కౌంటర్లలోనో తీసుకోవాలి. రోడ్డు పక్కన తిరుపతి లడ్డూ అని అమ్మేవాటినీ కొనకండి. ఆ లడ్డూకు 2009లోనే భౌగోళిక గుర్తింపు వచ్చింది, ఆ పేరుతో చేసి అమ్మే హక్కు దేవస్థానానిదే.

పాత బజారంతా గోవిందరాజస్వామి గుడి చుట్టూ అల్లుకుని ఉంటుంది. 1130లో రామానుజాచార్యులు ఈ గుడి కట్టించి ఊరికి పునాది వేశారని చెబుతారు. ఈమధ్య ఫిబ్రవరి 24న ఊరి పుట్టినరోజు కూడా చేస్తున్నారు. గుడి చుట్టూ పెరిగిన ఊరు కాబట్టి వీధులు ఇరుకు. ఆ ఇరుకులోనే పూల తట్టలు, టెంకాయల బండ్లు, ఆటోలు, మధ్యలో ఒక ఆవు. కారు తేకండి. రైల్వే స్టేషన్ వైపు నుంచి నడిచి రావడమే సుఖం.

టైము సంగతి కొంచెం వివరంగా చెప్పాలి. పొద్దున ఆరున్నర నుంచి ఎనిమిదిన్నర దాకా ఒక విడత, సాయంత్రం ఐదున్నర తర్వాత ఇంకో విడత. మధ్యాహ్నం పన్నెండు నుంచి నాలుగు దాకా బజారులో ఉండకండి. మే మొదటి వారం నుంచి నెలాఖరు దాకా కర్తరి ఎండలు. కొండరాళ్లు వేడెక్కి ఊరి మీదికే ఆవిరి కొడతాయి. తిండికీ ఆ వేడే శత్రువు. వండినది 5 డిగ్రీలకు 60 డిగ్రీలకు మధ్య ఉన్నంతసేపూ సూక్ష్మజీవులు పెరుగుతూనే ఉంటాయి. మామూలు రోజుల్లో రెండు గంటలు మించకూడదంటారు, 32 డిగ్రీలు దాటిన ఎండలో గంటే. తిరుపతిలో మే నెలంతా ఆ గంట లెక్కే. మళ్లీ వేడి చేస్తే సరిపోతుందిలే అనుకోవద్దు. స్టెఫైలోకాకస్ అనే బ్యాక్టీరియా వదిలిన విషం మరగబెట్టినా పోదు.

పొద్దున పూట ఇడ్లీ, పొంగలి, ఎర్రకారం దోసె తినొచ్చు. వేడి ఇడ్లీతో పేచీ లేదు, పేచీ అంతా చట్నీ బకెట్‌తోనే. వేరుశెనగపప్పు చట్నీ కాస్త నిలబడుతుంది, పచ్చి టెంకాయ చట్నీ అన్నిటికంటే ముందు పోతుంది. బండి దగ్గర నిలబడి బకెట్ వైపు ఒకసారి చూడండి. మూత ఉందా, గరిటె లోపలే మునిగి ఉందా, అంచుల్లో చట్నీ ఎండి రంగు మారిందా, పైన సన్నటి బుడగలు లేచాయా? బుడగలుంటే పులిసినట్టే. అప్పుడు చట్నీ లేకుండా కారప్పొడితో తినండి, ఎవరూ ఏమనుకోరు. ప్లేట్లన్నీ ఒకే బకెట్ నీళ్లలో ముంచి తీస్తుంటే "అన్నా, ఆకు వేసి పెట్టు" అనండి. అరిటాకో విస్తరాకో చాలా బండ్లలో ఉంటుంది. వేడి వడలు న్యూస్‌పేపర్లో చుట్టిస్తే వద్దనండి. ఆ సిరాలో సీసం లాంటివి ఉంటాయనే ఆహార భద్రతా సంస్థ న్యూస్‌పేపర్లు వాడొద్దని చెబుతోంది.

సాయంత్రం బజ్జీల బండి దగ్గరికి పోగానే ఆర్డర్ ఇవ్వకండి. ఒక్క వాయి వేసేదాకా బాణలి చూస్తూ నిలబడండి. మంచి నూనెలో పిండి వేయగానే బుడగలు లేచి, బజ్జీ వేగేకొద్దీ సద్దుమణుగుతాయి. పదేపదే కాగిన నూనెలో నురగ అంచుదాకా పొంగి అలాగే నిలబడుతుంది, డికాషన్ రంగులో ఉంటుంది, పొగ కళ్లకు గుచ్చుతుంది. నూనె పదేపదే కాగితే పుట్టే పోలార్ పదార్థాలు 25 శాతం మించకూడదని రూలుంది. బండి అన్న దగ్గర దాన్ని కొలిచే మిషన్ ఎక్కడుంటుంది? మన కళ్లే మిషన్. తట్టలో ముందే పేర్చి ఉన్న మసాలా వడలను మళ్లీ నూనెలో వేసి "వేడిగా" ఇస్తుంటే వద్దనండి. మీ కళ్ల ముందు పిండిలో ముంచిందే అడగండి. రెండు నిమిషాలు ఆలస్యమవుతుంది, అంతే.

ఉడికించిన వేరుశెనక్కాయలు, పొగలు కక్కే గుగ్గిళ్లు ఏ రోజైనా తినొచ్చు. మసాలా బొరుగుల్లో బొరుగులకు ఏమీ కాదు, ఎప్పుడో తరిగి పెట్టిన ఎర్రగడ్డలు, టమాటాలతోనే సమస్య. అప్పటికప్పుడు తరగమంటే తరుగుతారు. మధ్యాహ్నం రాగి సంగటి, నాటుకోడి పులుసు తినాలనుంటే గైడ్‌కి చెప్పి పన్నెండున్నర లోపే మెస్సులో కూర్చోండి. పులుసు పొయ్యి మీద తెర్లుతూ ఉండాలి. మూడు దాటాక పులుసు చల్లారి అడుగంటి ఉంటే సంగటి, ఊరిబిండి పచ్చడితో సరిపెట్టుకోండి. రైలుకు కట్టించుకోవాల్సి వస్తే పులిహోర కట్టించుకోండి. చింతపండు పులుపు, నూనె వల్ల అది మిగతా అన్నాలకంటే ఎక్కువసేపు నిలుస్తుంది. పానీపూరీ మీద నేను వాదన పెట్టుకోను. మేలో వద్దు, అంతే.

తాగేవాటిలో ఐసే అసలు గండం. అది ఏ నీళ్లతో గడ్డకట్టిందో, ఏ గోనెసంచి మీద దొర్లి వచ్చిందో మనకు తెలియదు. చెరకు రసమైనా ఐస్ లేకుండా అడగండి. నన్నారి సర్బత్ తాగకుండా పోవడం అన్యాయమే గానీ, నీళ్లకు బదులు సీలు తీయని సోడాతో కలిపించుకోండి. రుచి కూడా అదే బాగుంటుంది. కొబ్బరి బోండాం, ముంజలు అయితే మీ ముందే కొట్టించుకోండి. కోసి పెట్టిన పుచ్చకాయ ముక్కల జోలికి పోకండి.

మామిడి. ఏప్రిల్‌లోనే పసుపు పచ్చగా ఒకే రంగులో మెరిసిపోయే బేనీషాలు కనిపిస్తే తొందరపడొద్దు. కాల్షియం కార్బైడ్‌తో పండ్లు మాగబెట్టడం నిషేధం, అయినా ఆగలేదు. నిజంగా మాగిన పండు తొడిమ దగ్గర వాసన వస్తుంది, అక్కడక్కడా పచ్చ మిగిలి ఉంటుంది. రంగు ఉండి వాసన లేకపోయినా, తెల్లగడ్డల వాసన లాంటిది తగిలినా పక్కన పెట్టేయండి. ఏ పండైనా ధారగా పోసే నీళ్లలో కడిగి, తొక్క తీసి తినండి. మా జిల్లాలో తోటలన్నీ నిండుగా దిగేది మే చివర, జూన్‌లో. ఓపిక ఉన్నవాళ్లకు అప్పుడు ఇమాంపసందు దొరుకుతుంది, దాని ముందు మిగతావన్నీ దిగదుడుపే.

అంగళ్లలో జాగ్రత్త వేరే రకం. బయల్దేరిన పావుగంటకే గైడ్ విగ్రహాల కొట్టుకి తీసుకుపోయి కూర్చోబెట్టి టీ ఇప్పించాడంటే అక్కడ ఆయనకు కమీషన్ ఉందని అర్థం. టీ తాగండి, కొనకండి. పంచలోహం అని చెప్పేవాటిలో చాలావరకు ఉత్త ఇత్తడే. ఇత్తడి ధరకు ఇస్తే నిక్షేపంగా కొనుక్కోవచ్చు. బంగారం అయితే హాల్‌మార్క్‌తో పాటు ఆరు అక్షరాలు, అంకెలున్న గుర్తింపు నంబరు, అంటే హెచ్‌యూఐడీ చూడాలి, 2023 ఏప్రిల్ 1 నుంచి అది తప్పనిసరి. ఎర్రచందనం బొమ్మలు బిల్లు లేకుండా కొనొద్దు. ప్రభుత్వ హస్తకళల కొట్టు లేపాక్షి ఎంపోరియంలో అయితే బిల్లుకు ఢోకా ఉండదు. విదేశాలకు తీసుకుపోయే ఉద్దేశం ఉంటే అసలు ముట్టుకోకండి, అంతర్జాతీయ ఒప్పందం కింద దాని మీద ఆంక్షలున్నాయి. చాటుగా చెక్క ముక్క ఇస్తామనే వాళ్లతో మాట కూడా కలపొద్దు. ఫోన్‌పే కొట్టేటప్పుడు తెర మీద పడే పేరును అంగడివాళ్లకు చదివి వినిపించండి, స్కానర్ మీద వేరే స్టిక్కర్ అంటించే మోసాలు ఉన్నాయి. ఎంఆర్‌పీ కంటే ఎక్కువ అడిగితే వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కి ఫిర్యాదు చేయొచ్చు.

మీరు వచ్చే రోజులు జాతర రోజులైతే గైడ్ ఉండటం నిజంగా మేలు. ఒంటికి నామకొమ్ము (తెల్ల సుద్ద) పూసుకున్న బైరాగి వేషం, బొగ్గు పూసుకున్న తోటి వేషం మీకు ఎదురొస్తాయి. వేషగాళ్లు బూతులు తిడతారు. అది మొక్కులో భాగం, ఆ తిట్లకు ఈ ఊళ్లో ఎవరూ కోపం తెచ్చుకోరు. మీరూ తెచ్చుకోకండి, తిరిగి అనకండి. పిల్లలకు ముందే చెప్పి ఉంచండి. ముఖం మీదికి ఫోన్ పెట్టి వీడియో తీయకండి. గుడి దగ్గర తోపులాట ఉంటుంది. 2025 జనవరి 8న వైకుంఠద్వార దర్శనం టోకెన్ల దగ్గర జరిగిన తొక్కిసలాటలో ఆరుగురు చనిపోయిన ఊరు ఇది. గేటు ముందు, బారికేడ్ మూలల్లో నిలబడొద్దు. ఒత్తిడి పెరిగితే ఎదురు తోయకుండా, చేతులు ఛాతీ ముందు పెట్టుకుని ఏటవాలుగా పక్కకు జరగండి. విడిపోతే ఎక్కడ కలవాలో బయల్దేరేటప్పుడే అనుకోండి, ఆ గుంపులో ఫోన్ సిగ్నల్ దొరకదు.

ఇంత చూసుకున్నా కడుపు తిరగబడొచ్చు. బ్యాగులో డబ్ల్యూహెచ్‌ఓ ఫార్ములా అని రాసి ఉన్న ఓఆర్‌ఎస్ పొడి ప్యాకెట్లు పెట్టుకోండి. పండ్ల రసం రుచుల్లో అమ్మే డబ్బా డ్రింకులు వాటికి బదులు కావు. ఇలాంటి డ్రింకుల మీద ఓఆర్‌ఎస్ అనే మాట వాడొద్దని 2025 అక్టోబరులో ఆహార భద్రతా సంస్థ ఆదేశించింది కూడా. ప్యాకెట్ లేకపోతే లీటరు మంచినీళ్లలో ఆరు టీస్పూన్ల చక్కెర, అర టీస్పూన్ ఉప్పు, రెండూ తలగొట్టి కొలిచి కలపండి. కొద్దికొద్దిగా తాగించాలి. జ్వరం ఉన్నా, విరేచనంలో రక్తం కనిపించినా మోషన్లు ఆపే మాత్ర వేసుకోకుండా డాక్టర్ దగ్గరికి పోవాలి. రుయా, స్విమ్స్ ఆసుపత్రులు రెండూ ఊళ్లోనే ఉన్నాయి, కదల్లేని స్థితి అయితే 108. ఏ బండి దగ్గర, ఎన్నింటికి, ఏం తిన్నారో డాక్టర్‌కి చెప్పండి. ఎండలో తిరుగుతూ చెమట ఆగిపోయి, మాట తడబడితే అది కడుపు నొప్పి కాదు, వడదెబ్బ. మనిషిని నీడకు చేర్చి, ఒంటి మీద నీళ్లు పోస్తూ గాలి విసురుతూ 108కి ఫోన్ చేయాలి. ఆ రాత్రి రైలు టికెట్ ఉంటే క్యాన్సిల్ చేసేయండి, డబ్బులు పోతే పోయాయి.