క్యాస్టింగ్ విభాగంలో సహాయకులుగా పని మొదలుపెట్టడం ఎలా?

తెలుగు సినిమాలో నటీనటుల ఎంపిక చాలాకాలం దర్శకుడు, కో-డైరెక్టర్, ప్రొడక్షన్ మేనేజర్ తమలో తాము తేల్చుకునే వ్యవహారంగానే నడిచింది. ఇప్పుడు దానికోసమే క్యాస్టింగ్ డైరెక్టర్‌నూ, సహాయకులనూ పెట్టుకునే నిర్మాణ సంస్థలు ఉన్నాయి. ఆస్కార్ పురస్కారాల్లో కూడా 2025 నుంచి విడుదలయ్యే చిత్రాలకు క్యాస్టింగ్ విభాగాన్ని చేర్చారు. ఇందులోకి రాదలచినవారికి సినిమా మీది ఇష్టం ఎలాగూ ఉంటుంది కాబట్టి, నేర్చుకోవలసిన మొదటి విద్య స్క్రిప్టును లెక్కగా చదవడం.

స్క్రిప్టు అందగానే ఒక పట్టికలో ప్రతి పాత్రకూ ఒక వరుస కేటాయించి, వయసు, ఊరు, యాస, సీన్ల నంబర్లు, ఎవరితో కాంబినేషన్ (ఎవరితో కలిసి నటించాలి), ఎన్ని రోజుల పని అన్నవి రాసుకోవాలి. టీకొట్టు యజమానికి మూడే సీన్లున్నా, వాటిలో రెండు కథానాయకుడితో ఉంటే, ఆ చిన్న నటుడి డేట్లు కథానాయకుడి కాల్షీటును, అంటే అతను షూటింగుకు ఇచ్చిన రోజులను బట్టే కుదరాలి. ఆ రోజుల్లో అతనికి మరో షూటింగు ఉన్నదని ఆలస్యంగా తెలిస్తే షెడ్యూలే మారిపోతుంది కనుక, ఆడిషన్‌కు పిలిచేటప్పుడే డేట్లు అడిగి రాసుకోవడం ఉత్తమం. యాస గడిని ఖాళీగా వదలకూడదు. శ్రీకాకుళం మత్స్యకారుడి పాత్రకు ఉత్తరాంధ్ర యాసను అనుకరించే నటుడికంటే, ఆ ప్రాంతపు నాటక బృందాల్లో పనిచేసినవారిని వెతకడమే సరైనదని నా అభిప్రాయం. వెండితెరపై యాస కృతకంగా వినిపించడం ఆ ఊరివారిని నిజంగా నొప్పిస్తుంది.

ఆడిషన్‌లో సహాయకుడు సాధారణంగా కెమెరా పక్కన నిలబడి ఎదుటి పాత్ర సంభాషణలు అందిస్తాడు. వాటిని స్పష్టంగా, తక్కువ భావంతో చదవాలి. మనం నటించడం మొదలుపెడితే వచ్చినవారి నటనను కొలవడం కష్టమవుతుంది. ముందుగా పేరు, వయసు, ఎత్తు చెప్పించి, ఎదురుగా, రెండు పక్కల నుంచి చిత్రీకరించి, ఫైలుకు పాత్ర పేరు, నటుడి పేరు, తేదీ పెట్టి భద్రపరచాలి. ఎంపిక కానివారి వీడియోలను కూడా ఉంచుకోవాలి, ఎందుకంటే ఈ చిత్రానికి సరిపోని ముఖం మరో కథకు సరిగ్గా అమరవచ్చు.

పిల్లల విషయంలో చట్టం తెలిసి ఉండాలి. 2017లో సవరించిన బాలకార్మిక నిబంధనల ప్రకారం షూటింగు జరిగే జిల్లా మేజిస్ట్రేటు అనుమతి కావాలి, రోజుకు ఐదు గంటలకు మించి పనిచేయించకూడదు, విశ్రాంతి లేకుండా మూడు గంటలు దాటకూడదు, ఆదాయంలో కనీసం 20 శాతం జాతీయం చేసిన బ్యాంకులో బిడ్డ పేరిట ఫిక్స్‌డ్ డిపాజిట్ చేయాలి. ఈ పత్రాలు సిద్ధం చేయడంలో క్యాస్టింగ్ సహాయకుడు చురుకుగా ఉంటే నిర్మాణ విభాగానికి పెద్ద భారం తగ్గుతుంది.

ఆడిషన్ పేరుతో ఎవరి దగ్గరా ఒక్క రూపాయి తీసుకోకూడదు, ఆఫీసులో పగటివేళనే పిలవాలి, వచ్చినవారితో తోడుగా ఎవరైనా ఉంటామంటే సంతోషంగా ఒప్పుకోవాలి. హైదరాబాదులో సినిమావాళ్లు ఎక్కువగా ఉండే కృష్ణానగర్‌లో అవకాశం కోసం నెలల తరబడి అద్దె గదుల్లో ఎదురుచూసేవారికి మన ఫోన్ ఎంత విలువైనదో గుర్తుంటే, ఎంపిక కాలేదన్న సంగతిని కూడా చెప్పకుండా వదిలేయలేము.

అనుభవం లేనివారు షార్ట్ ఫిల్ములతో మొదలుపెట్టవచ్చు. ఒక లఘుచిత్రానికి తయారుచేసిన పాత్రల పట్టిక, ఆడిషన్ వీడియోల వరుస, డేట్ల క్యాలెండరు వెంట తీసుకెళ్తే, క్యాస్టింగ్ డైరెక్టరును కలిసినప్పుడు చూపించడానికి అవే చాలు.