స్టీరింగ్ విప్పుదాం – నాలుగో పాఠం: చక్రం పీకడం, క్లాక్ స్ప్రింగ్ తిప్పకపోవడం

పోయిన పాఠంలో ఎయిర్‌బ్యాగ్ విప్పడం వరకు చెప్పి ఆపాను, ఈసారి సరాసరి స్టీరింగ్ చక్రం పీకేద్దాం అనుకున్నా, మీరు పీకనిస్తే కదా. ఈ రెండు వారాల్లో వచ్చిన ఫోన్లు విని మా ఇంటావిడ "ఏటండీ, మీరు చెప్పింది పాఠమా, దీపావళి సామానా" అంది. కాబట్టి ముందు ఆ పాత బాకీ తీర్చేసుకుందాం, చక్రం తర్వాత.

మన విశాఖ కంచరపాలెం కుర్రాడితో మొదలెడతా. ఎయిర్‌బ్యాగ్ చక్కగా విప్పాడు, పసుపు కనెక్టర్ ఊడదీశాడు, పట్టుకెళ్లి గదిలో పెట్టి తాళం కూడా వేశాడు. అంతలో సెల్లార్‌లో వెనక కారు ఆయన వచ్చి "నా బండి బయటికి తియ్యాలి, నీది కాస్త జరుపు" అన్నాడట. మనోడు బేగి బేగి బ్యాటరీ తగిలించేసి, కీ తిప్పి, కారు నాలుగడుగులు ముందుకి తీశాడు. అక్కడ పడింది ఎస్‌ఆర్‌ఎస్ లైటు, అదే, ఎయిర్‌బ్యాగ్‌లో తేడా ఉందని చెప్పే లైటు. కీ తిప్పగానే ఎయిర్‌బ్యాగ్ కంట్రోల్ యూనిట్ తన సామాన్లన్నీ లెక్క చూసుకుంటుంది, డ్రైవర్ బ్యాగ్ కనపడలేదు, ఫాల్ట్ కోడ్ రాసేసుకుంది. చాలా కార్లలో తర్వాత బ్యాగ్ పెట్టినా ఆ లైటు పోదు, స్కానర్ పెట్టి కోడ్ చెరపాల్సిందే. "ఎయిర్‌బ్యాగ్ ఊడి ఉండగా కీ తిప్పకూడదని మీరు చెప్పలేదు కదా మాస్టారూ" అన్నాడు. నిజమే నాన్నా, చెప్పలేదు, తెలిసే ఉంటుందిలే అనుకున్నా, ఆ తప్పు నాదే. ఇప్పుడు చెప్తున్నా: ఎయిర్‌బ్యాగ్ ఊడి ఉన్నంతసేపు బ్యాటరీ తగిలించకూడదు, కీ ముట్టకూడదు. ఇంకోటి, ఎవరికీ అడ్డం లేని చోట బండి పెట్టుకుని పని మొదలెట్టండి. ఈసారి స్టీరింగే ఉండదు, జరపమంటే ఏం పట్టుకుని జరుపుతారు?

ఇక మధురవాడ ఆయన. ఈయన చదువుకున్న మనిషి, మల్టీమీటర్ ఉన్న మనిషి, అదే వచ్చిన చిక్కు. ఊడదీసిన ఎయిర్‌బ్యాగ్ పిన్నులకి మీటర్ పెట్టి ఓమ్స్ చూశారట, "2 చూపించింది సార్, బాగానే ఉన్నట్టేగా" అని ఫోన్ చేశారు. అయ్యా, మీటరు ఓమ్స్ చూడాలంటే తన బ్యాటరీలోంచి కాస్త కరెంటు పంపించి చూస్తుంది. ఆ పిన్నుల చివర ఉన్నదేమో కరెంటు తగిలితే అంటుకోడానికే తయారుచేసిన చిన్న వత్తి. మీ అదృష్టం, ఆ మీటరు పంపించింది దానికి చాల్లేదు. పాత అనలాగ్ మీటరో, బల్బు టెస్టరో పెట్టుంటే ఏమయ్యేదో నేను ఇక్కడ రాయను. ఎయిర్‌బ్యాగ్‌ని మీటరుతో చూడొద్దు, ఎప్పుడూ, ఏ మీటరుతోనూ. అది బాగుందో లేదో చెప్పాల్సింది కారులో ఉన్న యూనిట్, దాంతో మాట్లాడే స్కానర్, అంతే.

ఎయిర్‌బ్యాగ్‌ని మధ్యాహ్నం డాబా మీద బోర్లా పెట్టి వచ్చినాయనకి కూడా ఒక ముక్క. లోగో ఉన్న మొహం ఆకాశం వైపు ఉండాలి, పైన ఏ సామానూ ఉండకూడదు. మొహం పైకి ఉంటే ఒకవేళ పేలినా గుడ్డ సంచి గాల్లోకి పొంగుతుంది. బోర్లా పెడితే సంచి నేలని తంతుంది, ఆ ఇనప డబ్బా మొత్తం పైకి లేస్తుంది. సంచి పొంగడానికి పట్టేది సుమారు 30 మిల్లీసెకన్లు, మనం ఒక్కసారి కన్నార్పే టైములో ఆ పని అయిపోయి ఇంకా టైము మిగుల్తుంది. ఎండలో అసలే వద్దు, నీడ పట్టున, పిల్లలకి అందకుండా పెట్టండి. మోసేటప్పుడు కూడా మొహం మీ ఒంటి వైపు కాకుండా అవతలి వైపుకి.

లాసన్స్ బే నుంచి ఒకమ్మ అడిగిన ప్రశ్న మాత్రం నిజంగా మంచి ప్రశ్న. "మాది పాత కారు మాస్టారూ, సముద్రం ఎదురుగా ఉంటాం, ఈ ఉప్పుగాలికి ఎయిర్‌బ్యాగ్ పాడవదా" అని. తకాటా అనే జపాన్ కంపెనీ కథ ఇదేనమ్మా. సంచిని పొంగించే వాళ్ల ఇన్‌ఫ్లేటర్లలో వాడిన అమ్మోనియం నైట్రేట్ ఏళ్ల తరబడి వేడిలో, తేమలో నానితే పాడైపోయి, యాక్సిడెంట్లో మరీ గట్టిగా పేలి ఇనప ముక్కలు మనిషి మీదకి విసిరింది. ప్రపంచం మొత్తం మీద కోట్ల కార్లు వెనక్కి పిలిచారు, మన దేశంలో కూడా పిలిచారు, ఆ కంపెనీ 2017లో దివాలా తీసింది. వేడి, తేమ అంటే విశాఖపట్నం అనే కదా అర్థం. అందుకని మీది పాత బండి అయితే ముందు ఛాసిస్ నంబర్ కొట్టి తయారీ కంపెనీ రీకాల్ పేజీలో చూసుకోండి. రీకాల్ ఉందా, ఇక ఈ పాఠం మీకు కాదు, స్క్రూడ్రైవర్ పక్కన పడేసి షోరూమ్‌కి వెళ్లండి, ఊరికే మార్చిస్తారు.

బ్యాటరీ తీశాక ఎయిర్‌బ్యాగ్ ముట్టడానికి రెండు నిమిషాలే ఆగాను అన్నవాళ్లు ముగ్గురు. యాక్సిడెంట్లో బ్యాటరీ నుజ్జయిపోయినా బ్యాగ్ పేలాలి కాబట్టి ఆ యూనిట్ లోపల కెపాసిటర్లు కరెంటు దాచుకుని కూర్చుంటాయి. కొన్ని కంపెనీలు 90 సెకన్లు అంటాయి, కొన్ని 3 నిమిషాలు అంటాయి, నేను పదిహేను నిమిషాలు ఆగుతా, కిందకెళ్లి టీ తాగి వస్తా. మీకంత పెళ్లి ముహూర్తం ఏం ముంచుకొచ్చింది?

సరే, చక్రం.

ముందు టైర్లు తిన్నగా, చక్రం తిన్నగా, హ్యాండ్ బ్రేక్ వేసి. మన వీధులు సగం ఏటవాలే, వెనక టైరుకి ఒక ఇటుక పెట్టండి. బ్యాటరీ నెగటివ్ తీసి, ఆ కొసకి గుడ్డ చుట్టి పక్కకి వంచి కట్టేయండి, దానంతటదే వెనక్కొచ్చి తగలకుండా. టీ. తర్వాత పోయిన పాఠం ప్రకారం ఎయిర్‌బ్యాగ్ బయటికి. ఇప్పుడు నడిమధ్యలో ఒక పెద్ద నట్ కనపడుతుంది, కొన్ని కార్లలో బోల్టు. సైజు బండిని బట్టి, 17 ఉండొచ్చు, 19 ఉండొచ్చు, సాకెట్ పెట్టి చూసుకోండి.

నట్ వదులు చేసేటప్పుడు స్టీరింగ్ లాక్ మీద భారం వెయ్యొద్దు, లాక్ విరుగుతుంది. ఎడం చేత్తో చక్రం గట్టిగా పట్టుకుని కుడి చేత్తో రెంచ్ తిప్పండి, లేదా ఇంట్లో ఒకర్ని పిలిచి పట్టుకోమనండి. వదులయ్యాక నట్ మొత్తం తియ్యొద్దు! మూడు నాలుగు చుట్లు ఉంచేయండి. ఇది నేను నా పై పెదవితో నేర్చుకున్న పాఠం. మొదటిసారి నట్ తీసేసి, సీట్లో కూర్చుని బలమంతా పెట్టి లాగాను, రాదు, రాదు, రాదు, టప్ మని ఒక్కసారి వచ్చింది, వచ్చి నేరుగా మూతి మీద. వారం రోజులు గోళీసోడా కూడా తాగలేకపోయాను. నట్ నాలుగు చుట్లు ఉంటే చక్రం ఊడి నట్ దగ్గర ఆగిపోతుంది, మూతి దాకా రాదు.

చక్రం కూర్చునే పళ్ల కడ్డీ ఉంది కదా, అదే షాఫ్ట్, ఆ షాఫ్ట్‌కీ చక్రానికీ కలిపి ఒక గీత పెట్టుకోండి, మళ్లీ అదే పన్ను అదే గాడిలో కూర్చోవాలి. మార్కర్లు మన చెమటకి తుడుచుకుపోతాయి, నేను మా అమ్మాయి గోళ్లరంగు వాడతా. ఎర్రది అయితే బాగా కనపడుద్ది. స్టీరింగ్ ఎప్పట్నుంచో కాస్త వంకరగా ఉంది కదా, ఈ పనిలో పనిగా ఒక పన్ను జరిపి తిన్నగా పెట్టేద్దాం అని మాత్రం అనుకోకండి, వంకరకి మందు వీల్ అలైన్‌మెంట్ దగ్గర ఉంది, ఇక్కడ లేదు.

ఇప్పుడు గడియారంలో తొమ్మిది, మూడు అంకెల దగ్గర పట్టుకుని ఎడం పక్క ఒకసారి, కుడి పక్క ఒకసారి మార్చి మార్చి మీవైపు లాగండి. చిన్న కార్లలో చాలావరకు ఇంతకే వస్తుంది. బీచ్ రోడ్డు వైపు బళ్లయితే ఆ పళ్లలో తుప్పు పట్టి మొండికేస్తుంది, అప్పుడు పుల్లర్ తెచ్చుకోండి, చక్రంలో మరలున్న చిల్లుల్లోకి బోల్టులు దింపి మధ్యలో స్క్రూ బిగించే రకం. గాజువాక ఆటోనగర్‌లో తెలిసిన షాపు ఉంటే అద్దెకి కూడా అడిగి చూడండి. షాఫ్ట్ మీద సుత్తితో మాత్రం కొట్టొద్దు. యాక్సిడెంట్లో మన ఛాతీకి గుచ్చుకోకుండా లోపలికి ముడుచుకునేలా చేశారు ఆ షాఫ్ట్ ఉండే స్టీరింగ్ కాలమ్‌ని, మీ సుత్తి దెబ్బకి ఇప్పుడే ముడుచుకుంటే తర్వాత ఎందుకూ పనికిరాదు. తుప్పు వదిలించే స్ప్రే కూడా కొట్టొద్దు, కింద చక్రంలోకి కరెంటు తెచ్చే క్లాక్ స్ప్రింగ్ ఉంది, మరీ అవసరమైతే పళ్ల మీద రెండు చుక్కలు వెయ్యండి చాలు.

చక్రం వదులయ్యాక నట్ తీసి, చక్రం మెల్లిగా బయటికి లాగుతూ హారన్ వైరు, పసుపు వైరు చక్రం చిల్లులోంచి ఒక్కొక్కటే వెనక్కి వదలండి. ఫోటో తీసుకోండి ముందే.

ఇక్కడ ఆగండి, చేతులు తుడుచుకోండి, ఏదీ ముట్టుకోకండి. చక్రం వెనక కనపడే ఆ గుండ్రటి నల్ల ప్లాస్టిక్ డబ్బా, అదే క్లాక్ స్ప్రింగ్. నాకు ఈ పాఠమాల మొత్తంలో ఎవరిమీదైనా కోపం వస్తే అది దీన్ని వేలితో తిప్పి చూసేవాళ్ల మీదే. ఎందుకు తిప్పుతారో తెలీదు, చేతికి అందంగా తిరుగుతుంది కాబట్టి తిప్పుతారు!

లోపల ఏముందో చెప్తా. దర్జీ దగ్గర ఉండే కొలత టేపు తీసుకుని ఒక గుండ్రటి డబ్బాలో చుట్టగా పెట్టారనుకోండి, ఒక కొస డబ్బా గోడకి అంటించారు, రెండో కొస మధ్యలో ఉన్న బొంగుకి. బొంగు తిప్పితే చుట్ట బిగుస్తుంది, అటు తిప్పితే వదులవుతుంది. సరిగ్గా అదే, కాకపోతే టేపు బదులు సన్నటి రిబ్బన్, దానిలో రాగి తీగలు. హారన్, ఆడియో బటన్లు, ఎయిర్‌బ్యాగ్, అన్నిటి కరెంటూ ఆ రిబ్బన్ మీదుగానే చక్రంలోకి వస్తుంది. మామూలుగా అది మధ్య నుంచి అటు రెండున్నర చుట్లు, ఇటు రెండున్నర చుట్లు తిరుగుతుంది, మొత్తం ఐదు. మీ స్టీరింగేమో ఈ కొస నుంచి ఆ కొసకి మూడు చుట్లు, మూడున్నర చుట్లు. చూశారా, అటూ ఇటూ మిగిలేది ముప్పావు చుట్టు, ఎక్కువలో ఎక్కువ ఒక చుట్టు. ఆ మిగులే మన ప్రాణం.

మీరు సరదాగా రెండు చుట్లు తిప్పి అలాగే చక్రం బిగించేశారనుకోండి, ఆరోజు ఏమీ అవ్వదు. అదే దీనిలో దరిద్రం. హారన్ మోగుతుంది, లైటు ఆరిపోతుంది, మీరు మీసం తిప్పుకుంటారు. మద్దిలపాలెం నుంచి హైవే మీద తిన్నగా ఎండాడ దాకా వెళ్లి వస్తారు, ఏమీ అవ్వదు. ఏదో ఒకరోజు ఇరుకు సందులో కారు వెనక్కి తిప్పుకోడానికి స్టీరింగ్ పూర్తిగా కోస్తారు, లోపల టిక్ మని చిన్న శబ్దం, అంతే, రిబ్బన్ తెగింది. హారన్ పోతుంది, ఎస్‌ఆర్‌ఎస్ లైటు వెలుగుతుంది, అన్నిటికన్నా ముఖ్యం, ఇక యాక్సిడెంట్ అయితే మీ ముందున్న బ్యాగ్ పేలదు. నేను మా బావమరిది కారుకి చేసింది ఇదే, పదకొండు రోజుల తర్వాత కైలాసగిరి కింద పార్కింగ్‌లో తెగింది. కొత్తది కొనిచ్చాను, అయినా ఇప్పటికీ పండక్కి వస్తే హారన్ కొట్టి చూపించమంటాడు.

కాబట్టి చక్రం ఊడగానే డబ్బా తిరిగే భాగానికీ తిరగని భాగానికీ కలిపి రెండు చోట్ల టేపు వెయ్యండి. కొన్నిటికి లాక్ దానంతటదే పడుతుంది, పడినా సరే టేపు వెయ్యండి. చక్రం లేనంతసేపు ముందు టైర్లని ఎవరూ కదపకూడదు, షాఫ్ట్ తిరిగితే ఇటు డబ్బాతో లెక్క తప్పుతుంది. కొత్త క్లాక్ స్ప్రింగ్ వేస్తుంటే దానిమీద పిన్నో స్టిక్కరో ఉంటుంది, బిగించాకే తియ్యండి.

అయినా తిరిగిపోయిందా? భయపడకండి. టైర్లు తిన్నగా ఉన్నాయని చూసుకుని, డబ్బాని గడియారం తిరిగే వైపు వేళ్లతో మెల్లిగా తిప్పండి, బిగుసుకుంటున్నట్టు అనిపించగానే ఆగండి, బలం పెట్టొద్దు. అక్కడినుంచి వెనక్కి, చుట్లు లెక్కపెడుతూ, రెండో కొస దాకా. ఐదు వచ్చిందా, అందులో సగం మళ్లీ తిరిగి రండి. డబ్బా మీద బాణం గుర్తులు ఎదురెదురుగా వస్తాయి. మీ మోడల్ మాన్యువల్లో వేరే అంకె ఉంటే అదే ఖాయం, నాది కాదు.

తిరిగి బిగించడం దీనికి ఉల్టా. వైర్లు చిల్లులోంచి లాగి, టేపు పీకి, గోళ్లరంగు గీత కలిపి చక్రం తొడిగి, నట్‌ని టార్క్ రెంచ్‌తో, అంటే ఎంత బలంతో బిగించామో చూపే రెంచ్‌తో, మాన్యువల్ అంకెకి బిగించండి. నేను ప్రతిసారీ కొత్త నట్టే వేస్తా, యాభయ్యో వందో దగ్గర పిసినారితనం చెయ్యను. ఎయిర్‌బ్యాగ్ కనెక్టర్ తగిలించి, బ్యాగ్ కూర్చోబెట్టి, అన్నీ అయ్యాకే బ్యాటరీ. మొదటిసారి కీ తిప్పేటప్పుడు సీట్లో కూర్చోవద్దు, బయట నించుని, చక్రానికి ఎదురుగా లేకుండా పక్కనుంచి చెయ్యి పెట్టి తిప్పండి, కార్లో ఎవరూ ఉండకూడదు. ఎస్‌ఆర్‌ఎస్ లైటు కొన్ని సెకన్లు వెలిగి ఆరిపోవాలి. ఆరకపోతే బండి నడపడం మానేసి స్కానర్ ఉన్నాయన్ని పిలవండి. ఈఎస్‌సీ, అంటే బండి జారిపోకుండా చూసే ఏర్పాటు, ఉన్న కార్లలో స్టీరింగ్ యాంగిల్ సెన్సర్ లైటు పడొచ్చు, దానికీ స్కానరే.

అభ్యాసం. కారులో ఏదీ ఇంకా విప్పకండి. దర్జీ టేపు ఒకటి, మూతున్న గుండ్రటి డబ్బా ఒకటి, పెన్ను ఒకటి తీసుకోండి. నేను చెప్పినట్టు ఒక కొస గోడకి, ఒక కొస పెన్నుకి అంటించి మీ సొంత క్లాక్ స్ప్రింగ్ కట్టండి. కొస నుంచి కొసకి ఎన్ని చుట్లో లెక్కపెట్టి మధ్యకి తెచ్చి గుర్తు పెట్టండి. తర్వాత ఇంజిన్ స్టార్ట్ చేసి, నిలబెట్టిన కార్లో స్టీరింగ్ ఆ కొస నుంచి ఈ కొసకి ఎన్ని చుట్లో లెక్కపెట్టి రాసుకోండి. ఇప్పుడు కళ్లు మూసుకుని డబ్బాని ఇష్టమొచ్చినట్టు తిప్పి, మళ్లీ మధ్యకి తీసుకురండి. వరసగా పదిసార్లు తప్పు లేకుండా రావాలి, తొమ్మిదోసారి తప్పితే మళ్లీ ఒకటి నుంచి. పదకొండోసారి కావాలనే రెండు చుట్లు పక్కన మొదలెట్టి, మీ కారు స్టీరింగ్ ఎన్ని చుట్లు తిరిగిందో అన్ని చుట్లు అదే వైపు తిప్పండి, టేపు ఎక్కడ ఊడి వస్తుందో చూడండి. ఊడిన ఆ కొసని ఫోటో తీసి టూల్‌బాక్స్ మూతకి లోపలి వైపు అంటించుకోండి. పాత టేపు వాడండి, ఇంట్లో కుట్టుమిషన్ దగ్గరది తీస్తే నాకు సంబంధం లేదు.