ఊహాలోకంలో సముద్రపు జాతర రాసే ముందు జాగ్రత్తలు

దీపావళి కథల పోటీలకు గడువు దగ్గరపడుతోంది. హైదరాబాదులో కూర్చొని కల్పిత లోకపు కడలి పండుగను రాస్తున్నవారు ఈ కొన్నింటిని సరిచూసుకోవాలి.

ముందుగా ఆటుపోట్లు చూడండి. హుస్సేన్ సాగర్ గట్టున పెరిగిన మనకు నీరు ఉన్నచోటే ఉంటుందనిపిస్తుంది గాని, సముద్రంలో చాలాచోట్ల రెండు పోట్ల మధ్య సుమారు 12 గంటల 25 నిమిషాల ఎడం ఉంటుంది, పోటు వేళ రోజుకు దాదాపు 50 నిమిషాలు ఆలస్యమవుతుంది. మూడు రోజుల జాతరలో రథాన్ని రోజూ ఒకే వేళకు అదే ఇసుకలో నడిపిస్తే కథ అక్కడే మునుగుతుంది.

రెండు చందమామలను పెట్టినట్లయితే తిథి ముందే తేల్చుకోండి. మన ఒక్క చంద్రుడికే పౌర్ణమి, అమావాస్యలకు పోటు పెరుగుతుంది. రెండూ ఒకే వరుసకు వచ్చిన రాత్రి తీరాన మిఠాయి కొట్లు మిగలవు.

తీరం ఏ దిక్కుకుందో రాసిపెట్టుకోండి. తూర్పు తీరంలో సూర్యుడు సముద్రంలోంచి లేస్తాడే తప్ప అందులో అస్తమించడు. (నా మొదటి కథలో ఈ తప్పు నేనే చేశాను.)

దీపాలు వదిలే వేళకు గాలిని గమనించండి. సాధారణంగా పగలు గాలి కడలి నుంచి నేలకు, రాత్రి నేల నుంచి కడలికి వీస్తుంది కనుక, సాయంత్రం ఒడ్డున వదిలిన కొబ్బరిచిప్ప దీపం కెరటంతో తిరిగి కాళ్ల దగ్గరికే వచ్చి, వత్తి తడిసి ఆరిపోతుంది. తెల్లవారుజామున పడవలోంచి వదిలించడం మేలు.

పండుగకు కారణం చూపండి. మన తూర్పు తీరంలో ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు మరపడవల వేటకు విరామం ఉంటుంది. అటువంటి విరామం ముగిసే రోజు చాలు.