ఫ్రిటాటా అడుగున నీళ్లు చేరుతున్నాయా? ముందు ఇవి చూడండి

వెజిటబుల్ చీజ్ ఫ్రిటాటా, అంటే కూరగాయలు, చీజ్ వేసి ఓవెన్‌లో చేసే మందపాటి ఆమ్లెట్, బేక్ చేసి, ముక్క కోశాక ప్లేటులో నీళ్లు కనిపించగానే చాలామంది అడిగే ప్రశ్న ఒకటే: "ఇంకో రెండు గుడ్లు వేయాల్సిందా?" గుడ్లు తక్కువై నీళ్లు రావడం అరుదు. కారణం ఎక్కడుందో ఆ నీళ్లే చెబుతాయి. కానీ వాటిని సరిగ్గా చూడకుండానే తుడిచేసి, మళ్లీ ఆదివారం అదే పద్ధతిలో చేస్తారు.

కింద చెప్పేవన్నీ ఈ కొలతకు: 8 గుడ్లు, అర కప్పు చిక్కటి పాలు, వేయించిన కూరగాయలు రెండు కప్పులు, చీజ్ తురుము 100 గ్రాములు, 9 అంగుళాల పాన్, 180 డిగ్రీల వేడి. అమెరికాలో ఉన్నవాళ్లకు 350 ఫారెన్‌హీట్.

సమస్య: నీళ్లు వచ్చాయి, వాటికి రంగు ఉంది

పచ్చగా ఉంటే పాలకూరవి, ఎర్రగా ఉంటే టమాటావి, గోధుమరంగులో ఉంటే పుట్టగొడుగులవి. పుట్టగొడుగుల బరువులో 90 శాతానికి పైగా నీళ్లే. టమాటా, జుకీనీలలో ఇంకా ఎక్కువ. "ఓవెన్‌లో అవే ఉడుకుతాయిలే" అని పచ్చివి వేస్తే, అవి నీళ్లు వదిలేలోపు చుట్టూ గుడ్డు గట్టిపడుతుంది. ఇక ఆ నీళ్లకు అడుగే గతి.

వెడల్పాటి మూకుట్లో, మూత పెట్టకుండా, పెద్ద మంట మీద వేయించండి. ఉప్పు మొదట్లోనే వేస్తే నీళ్లు త్వరగా వదులుతాయి. చెవి పెట్టి వినండి. నీళ్లున్నంతసేపు సలసల ఉడుకుతున్న చప్పుడు వస్తుంది, ఇగిరిపోయాక అది చిటపటగా మారుతుంది. చిటపట మొదలయ్యాక ఇంకో రెండు నిమిషాలు ఉంచి దించండి. పాలకూరను మగ్గించి గుప్పెట్లో గట్టిగా పిండాలి, ఫ్రోజెన్‌దైనా సరే. టమాటాలో గింజల గుజ్జు తీసేయాలి. అన్నీ పళ్లెంలో పరిచి ఆరనివ్వండి. గిన్నెలో వేసి మూత పెడితే ఆవిరి మళ్లీ నీరై దిగుతుంది.

సమస్య: కూరగాయలు పొడిగానే వేయించాను, అయినా నీళ్లు

నన్ను బాగా సతాయించింది ఇదే. ఈ నీళ్లు తేటగా, మహా అయితే లేత పసుపుగా ఉంటాయి. ముక్కను పక్కనుంచి చూడండి: స్పాంజిలా సన్నసన్నటి చిల్లులు ఉంటాయి, నమిలితే రబ్బరులా సాగుతుంది. ఈ నీళ్లు కూరగాయలవి కావు, గుడ్డువి. వేడి తగిలాక గుడ్డులోని ప్రోటీన్లు ఒకదానికొకటి అల్లుకుని నీళ్లను మధ్యలో పట్టి ఉంచుతాయి. వేడి ఇంకా పెరిగితే ఆ అల్లిక బిగుసుకుపోయి, పట్టుకున్న నీళ్లనే బయటికి పిండేస్తుంది. అంటే ఫ్రిటాటా ఉడకాల్సినదానికన్నా ఎక్కువ ఉడికింది. నీళ్లు చూసి సరిగ్గా ఉడకలేదనుకుని ఈసారి ఇంకో పది నిమిషాలు ఉంచితే, నీళ్లు ఇంకా ఎక్కువ వస్తాయి.

ఎక్కువసేపు ఎందుకు ఉంచుతున్నారంటే, టూత్‌పిక్ వల్ల. కేకుకు అలవాటైన చెయ్యి కదా, ఫ్రిటాటాకూ మధ్యలో గుచ్చి చూస్తాం. అది శుభ్రంగా రాదు. తీగలా సాగుతూ తెల్లగా ఏదో అంటుకొస్తుంది. పచ్చి సొన అనుకుని మళ్లీ ఐదు నిమిషాలు పెడతాం. నిజానికి అది కరిగిన చీజ్! ఎంతసేపు ఉంచినా చీజ్ అంటుకుంటూనే ఉంటుంది, ఈలోపు గుడ్డు నీళ్లు వదిలేస్తుంది. రెండు వేళ్ల మధ్య నలిపి చూస్తే తేడా తెలిసిపోతుంది. చీజ్ జిడ్డుగా సాగుతుంది, పచ్చి సొన పల్చగా జారుతుంది.

టూత్‌పిక్ పక్కన పెట్టి, పాన్‌ను కొంచెం కదిలించండి. అంచులు గట్టిపడి, నడిమధ్యలో మూడు వేళ్ల మేర మాత్రం గడ్డపెరుగులా అదరాలి. మధ్యలో అల లేచినట్టు పారితే ఇంకా కాలేదు. అసలు కదలకపోతే ఆలస్యమైపోయింది. థర్మామీటర్ ఉంటే మధ్యలో 71 డిగ్రీలు రాగానే తీసేయండి. గుడ్డు వంటకాలకు అది సురక్షితమైన వేడే. ఇనుప పాన్ అయితే బయటికి తీశాక కూడా ఉడికిస్తూనే ఉంటుంది, కాబట్టి పది నిమిషాలు ఆగి కోయండి.

ఇదంతా పాటించినా చిల్లులు పడుతుంటే ఓటీజీని (ఇంట్లో వాడే చిన్న కరెంటు ఓవెన్‌ను) అనుమానించండి. డయల్ 180 చూపిస్తున్నంత మాత్రాన లోపల 180 ఉందని కాదు, 20 డిగ్రీల తేడా మామూలే. చిన్న ఓవెన్ థర్మామీటర్ కొని, పాన్ పెట్టే చోటే పెట్టి చూడండి. వేడెక్కిందని చెప్పే లైటు మొదటిసారి ఆరగానే పాన్ లోపల పెట్టేయకుండా ఇంకో పది నిమిషాలు వేడెక్కనివ్వండి. ఓవెన్‌లోని ఫ్యాన్ వేస్తే 160కి తగ్గించండి.

సమస్య: పైన మాడింది, మధ్యలో పచ్చి

పాన్ పై రాడ్‌కు దగ్గరగా ఉంది. ఒక మెట్టు కిందికి దించండి. అయినా మాడుతుంటే పైన వదులుగా ఫాయిల్ కప్పండి. చిన్న గిన్నెలో లోతుగా పోసినా ఇలాగే అవుతుంది.

సమస్య: ఓవెన్‌లో పొంగి, బయటికి రాగానే కుంగింది

కుంగనివ్వండి. అది ఆవిరి పొంగు. మరీ గుంట పడుతుంటే సొనను బీటర్‌తో నురగ వచ్చేలా కొట్టడం మానేసి, ఫోర్క్‌తో కలపండి చాలు.

మిగతావి

పాన్‌కు అంటుకుంటే నూనె అడుగునే కాకుండా అంచుల దాకా రాయండి. ఉప్పు ఎక్కువైతే చీజ్ ఉప్పును లెక్కలోకి తీసుకోలేదన్నమాట, ప్రాసెస్డ్ చీజ్ వాడేటప్పుడు సొనలో ఉప్పు చిటికెడు మించొద్దు. గుడ్డు ఆకుపచ్చగా మారడం ఎప్పుడో గానీ జరగదు. అతిగా ఉడికితే అలా అవుతుంది, తినడానికి ఇబ్బందేమీ లేదు.