దెబ్బ మానినా నొప్పి మానకపోతే: అతిగా స్పందించే నరాలను దారికి తెచ్చుకోవడం ఎలా

నడుం నొప్పికి ఎంఆర్ఐ తీయించుకున్నవాళ్లలో చాలామంది ఒకే మాట మోసుకుని ఇంటికొస్తారు: "ఎల్4–ఎల్5 దగ్గర డిస్క్ జరిగింది" (అంటే నడుంలోని నాలుగు, ఐదో వెన్నుపూసల మధ్య ఉండే మెత్తటి దిండు). ఆ రోజు నుంచి వంగడం, బిందె ఎత్తడం, నేల మీద కూర్చోవడం మానేస్తారు. బెల్టు కడతారు. ఏడాది గడిచినా నొప్పి పోదు సరికదా, వీపు పైకో రెండో కాలికో పాకుతుంది కూడా.

బెణికిన కండరం, ఎముకలను కలిపి పట్టుకునే లిగమెంట్ మామూలుగా 6 నుంచి 12 వారాల్లో మానతాయి. జారిన డిస్క్ ముక్క కూడా చాలామందిలో కొన్ని నెలల్లో తనంతట తాను కుంచించుకుపోతుంది. మరి మూడు నెలలు దాటాక, మానాల్సినవి మానాక కూడా నొప్పెడుతోందంటే, ఎక్కువ సందర్భాల్లో తేడా నడుంలో కంటే నొప్పిని లెక్కగట్టే నరాల వ్యవస్థలో ఉంటుంది. దీన్ని గుర్తుపట్టడం ఎలా, ఏం చేయాలి అన్నదే ఈ వ్యాసం. ఉదాహరణకు నడుం నొప్పినే తీసుకున్నాం. మెడ, భుజం, ఒళ్లంతా నొప్పులున్నవాళ్లకూ పద్ధతి ఇదే.

గాయం లేకుండా నొప్పి ఎలా వస్తుంది

నొప్పి అనేది దెబ్బ తగిలిన చోట తయారై మెదడుకు చేరే సరుకు కాదు. చర్మం, కండరం, కీలు పంపేవి ఇక్కడ ఒత్తిడి ఉంది, ఇక్కడ వేడి ఉంది అనే సంకేతాలే. వెన్నుపాము వాటిని పెంచగలదు, తగ్గించగలదు. అన్నీ బేరీజు వేసి, ప్రమాదముందని తోస్తే నొప్పిగా అనుభవంలోకి తెచ్చేది మెదడు. 1995లో బ్రిటిష్ మెడికల్ జర్నల్‌లో ఒక సంగతి అచ్చయింది. 29 ఏళ్ల భవన నిర్మాణ కార్మికుడు 15 సెంటీమీటర్ల మేకు మీదికి దూకాడు, అది బూటును చీల్చుకుని పైకొచ్చింది. మేకు కాస్త కదిలినా విలవిల్లాడిపోతుంటే మత్తుమందు ఇవ్వాల్సి వచ్చింది. తీరా బూటు విప్పితే మేకు కాలివేళ్ల సందులోంచి వెళ్లింది, చర్మం మీద గీత కూడా లేదు.

అతను నటించలేదు. చీకట్లో తాడును చూసి పామనుకున్నవాడి గుండె నిజంగానే దడదడలాడుతుంది, చెమటలు నిజంగానే పడతాయి. పాము లేదు కాబట్టి నీకు చెమట పట్టలేదు పో అంటే ఎలా ఉంటుందో, గాయం లేదు కాబట్టి నొప్పి లేదు పో అన్నా అలాగే ఉంటుంది.

మేకు నొప్పి బూటు విప్పగానే పోతుంది. నెలల తరబడి ఉండేదాని సంగతి వేరు. సంకేతాలు ఎడతెరిపి లేకుండా వస్తే వెన్నుపాములోని నరకణాలే మారిపోతాయని నాడీ శాస్త్రవేత్త క్లిఫర్డ్ వూల్ఫ్ 1983లో ఎలుకల మీద చేసిన ప్రయోగాలతో చూపించాడు. ముందు పెద్ద ఒత్తిడికి గానీ కదలని కణం, ఇప్పుడు చిన్నదానికే రెచ్చిపోతుంది. మామూలు స్పర్శ కూడా నొప్పి దారిలోకి వచ్చి కలుస్తుంది. మెదడు నుంచి కిందికి దిగి నొప్పిని అణిచే ఏర్పాటు మనందరిలో ఉంటుంది. నిద్ర లేమి, ఆందోళన, భయం దాన్ని బలహీనపరుస్తాయి. ఈ స్థితిని సెంట్రల్ సెన్సిటైజేషన్ అంటారు. ఇలా నొప్పిని లెక్కగట్టే తీరే మారిపోవడం వల్ల వచ్చే నొప్పికి అంతర్జాతీయ నొప్పి అధ్యయన సంఘం 2017లో నోసిప్లాస్టిక్ పెయిన్ అని పేరు పెట్టింది.

ముందు తీసేయాల్సిన అనుమానాలు

ఇది నరాల అలవాటే అని మీకు మీరే తేల్చేసుకోకండి. ఒకసారి డాక్టరు పరీక్ష కావాలి. మూత్రం ఆగిపోవడం లేదా తెలియకుండా పోవడం, మలవిసర్జన మీద పట్టు తప్పడం, కూర్చుంటే ఆనే భాగం (పిరుదులు, తొడల సందు) మొద్దుబారడం, కాళ్లు బలహీనపడడం... వీటిలో ఏ ఒక్కటి కనిపించినా అదే రోజు, అదే గంటలో ఆసుపత్రికి వెళ్లాలి. సాయంత్రం పూట జ్వరం, బరువు తగ్గడం, పడుకున్నా తగ్గని రాత్రి నొప్పి ఉంటే మన దేశంలో వెన్నెముక టీబీని తప్పక అనుమానించాలి. పాత క్యాన్సర్, ఎక్కువకాలం స్టెరాయిడ్ వాడకం, పెద్దవయసులో జారిపడడం ఉన్నా ఆలస్యం చేయకూడదు. నలభై ఏళ్లలోపు మొదలై, పొద్దున లేవగానే అరగంటకు మించి బిగుసుకుపోయి, విశ్రాంతితో పెరిగి నడిస్తే తగ్గే నొప్పి అయితే రుమటాలజిస్టుకు (కీళ్లవాతం నిపుణుడికి) చూపించండి. ఒళ్లంతా నొప్పులుంటే థైరాయిడ్, విటమిన్ డి, బి12 పరీక్షలు ఎలాగూ రాస్తారు.

డిస్క్ నిజంగానే నరాన్ని నొక్కితే నొప్పి ఆ నరం దారి వెంటే కాల్లోకి దిగుతుంది. ఆ భాగంలోనే తిమ్మిరి, బలహీనత ఉంటాయి. దానికి వైద్యం వేరు. రెండూ కలిసి ఉన్నవాళ్లూ ఉంటారు.

రిపోర్టును ఎలా చదవాలి

నొప్పి లేని 3,110 మంది స్కాన్లను కలిపి చూసిన సమీక్ష ఒకటి 2015లో వచ్చింది. ఇరవై ఏళ్లవాళ్లలోనే 37 శాతం మందికి డిస్క్ అరుగుదల, 30 శాతం మందికి డిస్క్ ఉబ్బు కనిపించాయి. యాభై ఏళ్లకు అవి 80, 60 శాతానికి చేరాయి. వీళ్లెవరికీ నడుం నొప్పి లేదు. నెరిసిన జుట్టులాంటి మార్పుల్ని "గుజ్జు అరిగిపోయింది" అని భయపెట్టే గొంతుతో చెబితే, ఆ మాటే నొప్పిని పెంచుతుంది. కాబట్టి డాక్టరును "డిస్క్ ఉందా?" అని కాదు, "పరీక్షలో తెలిసినదానికీ స్కాన్‌లో కనిపించినదానికీ పొంతన ఉందా?" అని అడగండి.

రెండు వారాల నోట్‌బుక్

పద్నాలుగు రోజులు పడుకునే ముందు నాలుగు సంగతులు రాయండి: నొప్పి 0 నుంచి 10లో ఎంత, రాత్రి ఎన్ని గంటలు నిద్రపోయారు, ఏం పని చేశారు, మనసు ఎలా ఉంది. అంతకు మించి రాయొద్దు. గంటగంటకూ రాస్తే నొప్పికి కాపలా కాసినట్టే.

తర్వాత చూడండి. ఒకే పని ఒక రోజు నొప్పెట్టి మరో రోజు పెట్టలేదా? నిద్ర తప్పిన మర్నాడో, ఇంట్లో గొడవైన రోజో పెరిగిందా? చోటు మారుతోందా? బట్ట తగిలినా, చలిగాలి వీచినా, ఫోన్ మోత విన్నా చిరాకుగా, నొప్పిగా ఉందా? మైగ్రేన్, కడుపు ఉబ్బరం, దవడ నొప్పి తోడున్నాయా? వంగాలి అన్న ఆలోచనకే నడుం పట్టేస్తోందా? ఇలాంటివి ఎన్ని ఎక్కువైతే అంతగా అతిగా స్పందించే నరాలను అనుమానించాలి. అదే కదలికకు అదే చోట ప్రతిసారీ నొప్పి వస్తుంటే, వాపు ఉంటే, కారణం కండరంలోనో కీలులోనో ఉండే అవకాశం ఎక్కువ.

ఇంకో చిన్న పరీక్ష కూడా ఉంది. నిలబడి ముందుకు వంగితే నొప్పి వస్తుందనుకుందాం. మంచం మీద వెల్లకిలా పడుకుని రెండు మోకాళ్లూ ఛాతీకి తెచ్చుకోండి. నడుం వంగేది అటే. ఇక్కడ నొప్పి లేకపోతే, నడుం వంగడమే హాని అన్న మాట నిలవదు. పడుకున్నప్పుడు బరువు పడదు కాబట్టి దీన్ని రుజువు అనలేం గానీ, గట్టి ఆధారమే.

నడక: గడియారాన్ని నమ్మండి, నొప్పిని కాదు

అందరూ తప్పు చేసేది ఇక్కడే. బాగున్న రోజు పేరుకుపోయిన పనంతా ఒక్కసారే చేసేస్తారు, మర్నాటి నుంచి మూడు రోజులు మంచం దిగరు. ఇలా నాలుగుసార్లు జరిగితే "పని చేస్తే ప్రమాదం" అన్న పాఠం నరాలకు బాగా ఎక్కుతుంది.

మూడు రోజులు మామూలుగా నడిచి, నొప్పి పెరగడం మొదలయ్యే సమయం రాసుకోండి. 12, 18, 15 నిమిషాలు అనుకుందాం. సగటు 15. అందులో 80 శాతం అంటే 12. రేపటి నుంచి రోజూ 12 నిమిషాలే. నొప్పిగా ఉన్న రోజూ అంతే, హుషారుగా ఉన్న రోజూ అంతే. హుషారుగా ఉన్న రోజు ఆగడమే కష్టం, కానీ అసలు కిటుకు అదే. వారానికి పదో వంతు చొప్పున పెంచితే సుమారు 13, 15, 16 అలా పెరుగుతూ ఎనిమిది వారాలకు 25 దాటుతుంది.

నడుస్తుంటే నొప్పి 0–10 కొలతలో రెండు పాయింట్ల దాకా పెరిగి (4 నుంచి 6కు అన్నట్టు), 24 గంటల్లో మామూలు స్థాయికి వస్తే అదే మోతాదు కొనసాగించండి. అంతకు మించితే వెనకటి వారం మోతాదుకు దిగండి, అంతేగానీ సున్నాకు దిగొద్దు.

భయపడే పనికి మెట్లు కట్టడం

మీరు మానేసిన పనుల్లో తిరిగి చేయాలనిపించేది ఒకటి ఎంచుకోండి. ముగ్గు వేయడమే అనుకుందాం. మెట్లు ఇలా ఉంటాయి: పడుకుని మోకాళ్లు ఛాతీకి పదిసార్లు, కుర్చీలో కూర్చుని చేతులు పాదాల దాకా, నిలబడి బల్ల మీద చేతులు జారుస్తూ వంగడం, నిలబడి మోకాళ్ల కింది దాకా, ఖాళీ గిన్నె నేల మీంచి తీయడం, నాలుగు చుక్కల ముగ్గు, చివరికి వాకిలి నిండా. బిందె కావాలంటే ఖాళీ బిందెతో మొదలుపెట్టి వారానికో లీటరు నీళ్లు కలపండి.

ఒక మెట్టు మీద ఎన్నాళ్లుండాలో భయం చెబుతుంది. చేసే ముందు "ఏమవుతుందోనని ఎంత భయం?" అని 10కి అంకె వేసుకోండి, 3 కంటే తగ్గాక పై మెట్టు ఎక్కండి. చాలామందికి ఒక్కో మెట్టుకు నాలుగైదు రోజులు పడుతుంది. ఊపిరి బిగపట్టి, పొట్ట బిగించి, నడుం కర్రలా పెట్టి వంగితే కండరాలు అలిసిపోయి అవే నొప్పెడతాయి. ఊపిరి వదులుతూ, మామూలుగా, గుండ్రంగా వంగండి. బెల్టు కట్టుకుని మెట్లెక్కితే "బెల్టు వల్లే బతికాను" అన్న నమ్మకమే గట్టిపడుతుంది.

నొప్పిని చూడడం

2022లో జామా సైకియాట్రీ అనే వైద్య పత్రికలో వచ్చిన ప్రయోగంలో 151 మంది దీర్ఘకాలిక నడుం నొప్పివాళ్లు పాల్గొన్నారు. నొప్పి మెదడు మోగిస్తున్న తప్పుడు గంట అని అర్థం చేయించి, దాన్ని భయం లేకుండా గమనించడం నేర్పితే నాలుగు వారాల్లో 66 శాతం మందికి నొప్పి పూర్తిగానో దాదాపుగానో పోయింది. ఉత్తుత్తి ఇంజెక్షన్ ఇచ్చినవాళ్లలో అది 20 శాతం, మామూలు వైద్యంలో 10 శాతం. ఇది ఒక ప్రయోగమే, పాల్గొన్నవాళ్ల నొప్పి మధ్యస్థంగా ఉన్నదే. అయినా పద్ధతిలో ఖర్చు లేదు, హాని లేదు.

రోజుకు ఐదు నిమిషాలు హాయిగా కూర్చోండి. నొప్పి ఉన్న చోటికి ధ్యాస తీసుకెళ్లండి. మంటా, బిగుతా, గుచ్చుతోందా? అంచులు ఎక్కడ? కదులుతోందా? వింత పురుగును చూసే పిల్లాడిలా చూడండి. తగ్గించాలని చూడొద్దు. "తగ్గిందా, తగ్గిందా" అని తరచి చూసుకోవడంతోనే ఎక్కువమంది దీన్ని చెడగొట్టుకుంటారు. నొప్పి 7 దాటిన వేళ ఇది చేయకండి. అప్పుడు నాలుగు సెకన్లు పీల్చి ఆరు సెకన్లు వదులుతూ పది నిమిషాల శ్వాస చాలు.

మందులు, నిద్ర, ఇంట్లోవాళ్లు

మెడికల్ షాపులో అడిగి కొనుక్కునే నొప్పి బిళ్లలు ఇక్కడ పెద్దగా పనిచేయవు, కిడ్నీలకు, కడుపుకు చేటు. తలనొప్పికి నెలలో 15 రోజులు, అంతకు మించి మామూలు బిళ్లలు నెలల తరబడి వేసుకుంటే ఆ బిళ్లలే తలనొప్పి తెస్తాయి. ట్రమడాల్ లాంటి నల్లమందు జాతి నొప్పి మందులు ఎక్కువకాలం వాడితే నరాల సున్నితత్వం పెరగొచ్చు. డాక్టరు రాత్రిపూట అమిట్రిప్టిలిన్ 10 మిల్లీగ్రాములో, డ్యూలోక్సెటిన్ 30 మిల్లీగ్రాములో రాస్తే "ఇది డిప్రెషన్ మందు కదా" అని పారేయకండి. నొప్పిని అణిచే దారికి బలమివ్వడానికే వాటిని రాస్తారు. ఫలితానికి కొన్ని వారాలు పడుతుంది. ఉన్నట్టుండి ఆపకూడదు.

ఎంతకు పడుకున్నా ఒకే వేళకు లేవండి. మధ్యాహ్నం రెండు దాటాక టీ, కాఫీ వద్దు.

ఇంట్లోవాళ్లకు ఒక మాట. "నొప్పి ఎలా ఉంది?" అని పూటపూటకూ అడిగితే ఆ మనిషి పూటపూటకూ నడుం తడుముకోవాల్సి వస్తుంది. "ఇవాళ ఏం చేశావు?" అని అడగండి. చేతిలోంచి బిందె లాక్కోకండి. "అంతా నీ మనసులోనే" అన్న మాట మాత్రం ఎప్పుడూ అనకండి.

మళ్లీ విరుచుకుపడితే

పడుతుంది. ప్రయాణం తర్వాతో, పెళ్లి పనుల తర్వాతో ఒకసారి గట్టిగా తిరగబెడుతుంది. బాగున్నప్పుడే ఒక కాగితం మీద రాసి ఫ్రిజ్‌కు అంటించుకోండి: మొదటి రెండు రోజులు నడక సగానికి తగ్గించాలి, ఆపకూడదు, వేడి కాపడం 15 నిమిషాలు, పైన చెప్పిన పది నిమిషాల శ్వాస రోజుకు రెండుసార్లు, మూడో రోజు వెనకటి వారం మోతాదు. పైన చెప్పిన ప్రమాద సూచనలు ఉన్నాయేమో ఒక్కసారి చూసుకోండి. అవేవీ లేక, నొప్పి పాత తీరులోనే ఉంటే మళ్లీ స్కాన్ అక్కర్లేదు. కొత్త చోట కొత్త తీరు నొప్పి వస్తే మాత్రం పాత ఖాతాలో వేయకుండా డాక్టరుకు చూపించండి.

ఎనిమిది వారాలు సక్రమంగా చేసినా నోట్‌బుక్‌లో మార్పు లేకపోతే ఫిజియోథెరపిస్టు, పెయిన్ క్లినిక్ సాయం తీసుకోండి. నొప్పితో విసిగి బతకాలనిపించకపోతే ఎనిమిది వారాలు ఆగొద్దు. ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలి మానస్ 14416 నంబరుకు ఏ వేళలోనైనా ఫోన్ చేసి తెలుగులోనే మాట్లాడొచ్చు.